ఇంగ్లండ్ ఫుట్‌బాల్‌లో కింది లీగ్‌ల మిడ్‌ఫీల్డర్లు (మైదానం మధ్యలో ఆడేవాళ్లు) అన్నేసి క్లబ్‌లు ఎందుకు మారతారు, తీసేస్తారా?

తీసేయడం చాలా తక్కువండీ, ఎక్కువసార్లు కాంట్రాక్టే అయిపోతుంది. లీగ్ వన్, లీగ్ టూ (పేరు చూసి పొరబడొద్దు, ఇవి 3వ, 4వ స్థాయి డివిజన్లు), వాటి కింద నాన్ లీగ్‌లో క్లబ్‌ల దగ్గర డబ్బు తక్కువ, పైగా వచ్చే ఏడాది ఏ డివిజన్‌లో ఉంటారో వాళ్లకే తెలీదు, అందుకే ఎక్కువగా ఒకటి రెండేళ్లకే సంతకం పెట్టించుకుంటారు. సీజన్ అయ్యాక ఎవర్ని ఉంచుకుంటున్నారో ఎవర్ని వదిలేస్తున్నారో లిస్ట్ ఇస్తారు, జూన్ ఆఖరుకి కాంట్రాక్ట్ అయిపోయినవాడు మామూలుగా ట్రాన్స్‌ఫర్ ఫీజు (కొత్త క్లబ్ పాత క్లబ్‌కి కట్టే డబ్బు) లేకుండానే వేరే క్లబ్‌కి వెళ్లిపోవచ్చు.

మిడ్‌ఫీల్డర్ డానీ బుల్మన్‌నే చూడండి. 1998లో వికమ్ క్లబ్‌లో చేరాడు, తర్వాత స్టీవనేజ్, క్రాలీ, ఆక్స్‌ఫర్డ్, మళ్లీ క్రాలీ, ఏఎఫ్‌సీ వింబుల్డన్, 2017లో మూడోసారి క్రాలీ! 2020లో రిటైరయ్యేసరికి 41 ఏళ్లు. మధ్యలో ఆక్స్‌ఫర్డ్ 2010లో, వింబుల్డన్ 2016లో లండన్‌లోని వెంబ్లీ స్టేడియంలో ప్లేఆఫ్ ఫైనల్ (పై డివిజన్‌లో చివరి చోటు కోసం ఆడే మ్యాచ్) గెలిచి పై డివిజన్‌కి వెళ్లినప్పుడు ఆ జట్లలో ఇతనున్నాడు. పనికిరానివాణ్ని ఒకే క్లబ్ మూడుసార్లు పిలవదు కదా.

చాలామంది పొరపాటు పడేది ఇక్కడే, "రిలీజ్డ్" (క్లబ్ వదిలేసింది) అని కనిపించగానే ఆట బాలేక గెంటేశారు అనుకుంటారు. జీతాల బడ్జెట్ తగ్గినా, కొత్త మేనేజర్ వచ్చి వేరే రకం మిడ్‌ఫీల్డర్ కావాలన్నా, ఆటగాడే ఆఫర్ వద్దన్నా కూడా క్లబ్ మారడమే జరుగుతుంది.