ఎండుతున్న బోరు చుట్టూ ఇంకుడుగుంత

ప్రశ్న: మా మిరప తోటకు 220 అడుగుల బోరే ఆధారం. సంక్రాంతి దాటితే అరగంటకే నీళ్లు ఆగిపోతున్నాయి. పక్కనే ఇంకో బోరు వేయమని కొందరు, వాన నీళ్లు ఈ బోరులోకే వదలమని కొందరు అంటున్నారు. ఏం చేయాలి?
– ఒక రైతు, ప్రత్తిపాడు మండలం, గుంటూరు జిల్లా

జవాబు: కొత్త బోరు మాట ప్రస్తుతానికి పక్కన పెట్టండి. అదీ చాలావరకు ఇవే రాతి పగుళ్ల నీటిని తోడుతుంది. వాన నీటిని ఇంకించడమే మేలు. అయితే కేసింగు (బోరు పైభాగంలో దించిన గొట్టం) మూత తీసి నేరుగా మాత్రం వదలొద్దు. నల్లరేగడి బంక పగుళ్లలో పేరుకుంటే ఫ్లషింగు (గాలి ఒత్తిడితో బోరు కడగడం) చేయించినా పూర్తిగా రాదు; ఉన్న ఊట కూడా పోతుంది.

ముందు మోటారు పైకి తీయించి, ఒక ట్యాంకరు శుభ్రమైన నీళ్లు బోరులో పోయండి. నీళ్లు దిగిపోతుంటే పని మొదలుపెట్టొచ్చు. కేసింగు నిండి అలాగే నిలిచిపోతే గుంత తవ్వినా దండగే.

మే నెలలోనే కేసింగు చుట్టూ 6 అడుగుల పొడవు, 6 అడుగుల వెడల్పు, 8 అడుగుల లోతున తవ్వించండి. గుంత అడుగుభాగం నుంచి 3 అడుగుల ఎత్తు వరకు కేసింగుకు నాలుగేసి అంగుళాల ఎడంలో సన్నని రంధ్రాలు వేసి, నైలాన్ వల రెండు మూడు చుట్లు బిగించి కట్టాలి. కింద 3 అడుగులు పెద్ద రాళ్లు, పైన రెండున్నర అడుగులు 40 ఎం.ఎం. కంకర, ఒక అడుగు 20 ఎం.ఎం. కంకర, దానిమీద వల పరిచి అడుగు మందాన ముతక ఇసుక. పైన అరడుగు ఖాళీ వదలండి. పెద్ద రాళ్లు పైనుంచి విసిరితే పీవీసీ కేసింగు పగులుతుంది, చేత్తో పేర్చాలి.

మందులు కొట్టే మిరప చేలో పారిన నీటిని ఈ గుంతకు మళ్లించొద్దు. ఆ మందు భూగర్భ జలంలో కలిస్తే మీ బోరుతో పాటు ఊరి బోర్లకూ చేటు. బీడు నీరో, ఇంటికప్పు నీరో తీసుకోండి. ఎకరం బీడు మీద 50 మిల్లీమీటర్ల వాన పడితే సుమారు 2 లక్షల లీటర్లు. అందులో పావు వంతు పారినా 50 వేలు.

ఆ నీరు ముందుగా పది పదిహేను అడుగుల దూరంలో తవ్విన 4 అడుగుల పూడిక గుంతలో ఆగి, తేటపడి పైనుంచి పొర్లి రావాలి. తేటపడుతుందో లేదో తెలియాలంటే, పారే నీటిని గాజు సీసాలో పట్టి గంటసేపు కదపకుండా ఉంచండి. అప్పటికీ పాలలా మసకగానే ఉంటే ఆ కాలువ నీరు వద్దు.

ఏటా తొలకరికి ముందు పూడిక తీసి, పైన రెండు మూడు అంగుళాల ఇసుక గీకి కొత్తది పోయండి. ఇది మరిస్తే రెండు మూడేళ్లకే గుంత నీరు పీల్చడం మానేస్తుంది.

ప్రశ్న: అలా నీరు ఇంకించిన బోరు నీళ్లు తాగొచ్చా?

జవాబు: వద్దు. పొలం నీరు కలిసే బోరును సాగుకే ఉంచండి.