త్రీడీ ప్రింటర్ కొనాలా వద్దా?

ప్రశ్న: సార్, బాలానగర్‌లో మాది చిన్న ఫౌండ్రీ, పంపు బాడీలు, పుల్లీలు పోస్తాం, అంతా గ్రే ఐరనే (మామూలు పోత ఇనుము). ఈ మధ్య రిజెక్షన్ బాగా పెరిగింది. ఇసుక అచ్చుల్ని ప్రింట్ చేసే త్రీడీ మిషన్లు వచ్చాయంట కదా, లోన్ పెట్టి కొందామని నేను, వద్దని మా నాన్న. అది వస్తే అచ్చుకి నమూనా, అదే పాటర్న్, చేసే మా మేస్త్రికి పని పోతుందా?
- ఒక పాఠకుడు, హైదరాబాద్

జవాబు: ఇప్పటికైతే నేను మీ నాన్నగారి పక్షమే. మిషన్ గొప్పదే, పాటర్న్ అక్కర్లేకుండానే డ్రాయింగ్ ఫైల్ చూసి పొర మీద పొర ఇసుక పరుస్తూ కావాల్సిన చోట మాత్రం ఇసుకని అతికించే బైండర్ చల్లుకుంటూ పోతుంది, పొర మందం అర మిల్లీమీటర్ కూడా ఉండదు, చేత్తో తియ్యలేని మెలికల కోర్లు (పీసు లోపల బోలు రావడానికి అచ్చులో పెట్టే ఇసుక ముక్కలు) కూడా వచ్చేస్తాయి. కానీ అది శాంపిళ్లకి, ఒకటి రెండు పీసుల ఆర్డర్లకి బాగుంటుంది. ఒకే పుల్లీ వందల్లో పోసేవాళ్లకి ఆ అచ్చు ఖర్చు గిట్టదు.

మీ అసలు సమస్య రిజెక్షన్ కదా, ముందు పాడైన పీసు కోయించి చూడండి. లోపల గరుకుగా గుల్లగా ఉంటే ష్రింకేజీ (లోహం కుంచించుకుపోయి పడ్డ ఖాళీ), గోడలు నున్నగా బుడగలా ఉంటే గ్యాస్. ష్రింకేజీ అయితే దళసరి భాగం ఆఖర్న గడ్డకడుతూ దానికి లోహం అందట్లేదని అర్థం, రైజర్ (ఆ భాగానికి అదనపు లోహం అందించే గుంట) ఎక్కడ పెట్టాలో, ఎంత సైజు ఉండాలో కంప్యూటర్ సిమ్యులేషన్‌లో పోత పొయ్యకముందే తెలిసిపోతుంది, ఐఐటీ బాంబేలో పుట్టిన ఆటోకాస్ట్ లాంటివి ఈ పనికే ఉన్నాయి, సాఫ్ట్‌వేర్ కొనక్కర్లేదు, జాబ్‌వర్క్ కింద చేసిచ్చేవాళ్లు దొరుకుతారు. గ్యాస్ అయితే మాత్రం కంప్యూటర్ దాకా ఎందుకు, ఇసుకలో తేమ రోజూ పొద్దున్నే చెక్ చెయ్యండి, అచ్చులో గాలి పోయే దారులు చూడండి. మీరు కరిగించే పాత ఇనుము స్క్రాప్ ఒక్కోసారి ఒక్కోలా వస్తుంటే కార్బన్, సిలికాన్ ఎంతున్నాయో స్పెక్ట్రోమీటర్ నిమిషాల్లో చెప్పేస్తుంది, బయట ల్యాబ్‌లో అయినా చేయించండి.

మేస్త్రి సంగతి. గ్రే ఐరన్ చల్లారేటప్పుడు సుమారు 1 శాతం కుంచించుకుపోతుంది, పాటర్న్ అంత పెద్దది చెయ్యాలి, మిషనింగ్ పడే వైపు ఇంకాస్త మందం వదలాలి, అచ్చులోంచి జారి వచ్చేలా వాలు ఇవ్వాలి. రేపు పాటర్న్‌ని సీఎన్‌సీ (కంప్యూటర్‌తో నడిచే కోత మిషన్) మీద కోసినా ఈ లెక్కలన్నీ కావాల్సిందే, స్క్రీన్ మీద గీసే కుర్రాడికి అవి తెలీవు, మేస్త్రికి తెలుసు. ఇద్దర్నీ పక్కపక్కన కూచోబెట్టండి, ఆయన్ని పంపించెయ్యడం మాత్రం పెద్ద నష్టం.

లోన్ పెట్టి ఏదో ఒకటి కొనాలనే ఉంటే అచ్చులు పగలగొట్టే చోట దుమ్ము లాగేసే సెటప్ పెట్టించండి, సిలికా దుమ్ము ఏళ్ల తరబడి పీలిస్తే సిలికోసిస్ వస్తుంది, అది వచ్చాక నయం చేసే మందు లేదు.