అప్పీలు ఏడాదిగా తేల్చకపోతే హైకోర్టుకు వెళ్లొచ్చా?

శిక్షగా వేసిన ఇంక్రిమెంట్ కోత మీద ఆర్జేడీ (పాఠశాల విద్యాశాఖ ప్రాంతీయ సంయుక్త సంచాలకులు) గారికి అప్పీలు పెట్టి ఏడాది దాటింది, ఎప్పుడు అడిగినా ఫైలు సర్క్యులేషన్‌లో ఉందంటున్నారు, కోర్టుకెళ్తే కక్ష కడతారేమో అని అడిగారు కదా. వెళ్లండి మేడమ్. నేనూ జిల్లా పరిషత్ హైస్కూల్లో మ్యాథ్స్ టీచర్నే, ఇదే భయంతో 14 నెలలు ఆగాను, అన్ని నెలలు ఆగాల్సింది కాదు.

ఒక్కటి ముందే తెలుసుకోండి, నాకిది ఎవరూ చెప్పలేదు. ఈ దశలో హైకోర్టు మీ తప్పుందా లేదా అన్న జోలికి సాధారణంగా పోదు. రాజ్యాంగం 226 అధికరణం కింద రిట్, అంటే అధికారిని ఆదేశించమని హైకోర్టును కోరే పిటిషన్, వేస్తే, అప్పీలు చూడాల్సిన అధికారిని ఇన్ని వారాల్లో తేల్చమంటుంది, అంతే. నా రిట్ మొదటి రోజే, ప్రభుత్వ ప్లీడరు గారి మాట విని, 8 వారాలు గడువిచ్చి ముగించేశారు. ఇంట్లో అందరం ఎంత సంబరపడ్డామో. ఏడో వారంలో ఆర్డర్ వచ్చింది: అప్పీలు పరిశీలించడమైనది, జోక్యానికి తగిన కారణాలు లేవు, తిరస్కరించడమైనది. నేను రాసింది ఆరు పేజీలు. విచారణలో నా సాక్షిని పిలవనే లేదని మొత్తుకున్నాను, దానికీ జవాబు లేదు. ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

మళ్లీ రిట్ వేశాం. ఈసారి మా లాయరు గారు 1986 నాటి రామ్‌చందర్ కేసు చూపించారు, అది ఒక రైల్వే ఉద్యోగిది, అప్పీలు అధికారి ఉద్యోగి చెప్పేది విని, కారణాలు రాసి మరీ ఆర్డర్ ఇవ్వాలని సుప్రీంకోర్టు అందులో చెప్పింది. దాంతో ఆ ఆర్డర్ కొట్టేసి, కొత్తగా రాయమని వెనక్కి పంపారు. అప్పుడు గానీ నన్ను పిలిచి వినలేదు. కోత తీసేశారు, బకాయిలూ వచ్చాయి. గడువు ఒక్కటే అడిగితే రెండు లైన్ల కాగితంతో సరిపెట్టేస్తారు, అందుకే మొదటి రిట్‌లోనే గడువుతో పాటు మిమ్మల్ని నేరుగా వినాలని, ప్రతి అభ్యంతరానికీ కారణాలతో జవాబు రాయాలని కూడా అడగమని మీ లాయరుకు గట్టిగా చెప్పండి.

రిమైండర్లు పెడుతూ కూర్చోవద్దు. అప్పీలు వేసిన 6 నెలలకూ ఆర్డర్ రాకపోతే కోర్టుకు వెళ్లడానికి ఉండే గడువు లెక్క అక్కడి నుంచే మొదలవుతుందని, మళ్లీ మళ్లీ అర్జీలు పెట్టినంత మాత్రాన ఆ గడువు పెరగదని 1989లో రాథోర్ కేసులో సుప్రీంకోర్టే చెప్పింది. ఆఫీసు స్టాంపు పడిన అప్పీలు కాపీ, స్పీడ్‌పోస్టు రశీదు వెతికి పెట్టుకోండి. ఫైలు ఎవరి దగ్గరుందో సమాచార హక్కు కింద అడగండి, 30 రోజుల్లో జవాబివ్వాలి, ఆ కాగితం నాకు కోర్టులో బాగా పనికొచ్చింది.

కక్ష అంటారా, సెక్షన్ క్లర్క్ కొన్నాళ్లు ముభావంగా ఉన్నారు గానీ నా జీతం బిల్లు ఒక్క నెలా ఆగలేదు. కోర్టు ఇచ్చిన గడువు దాటిపోతే మాత్రం మొహమాటపడకండి, కోర్టు ధిక్కరణ పిటిషన్‌కు ఏడాదే సమయం.