‘గోల్ కొట్టింది’ అంటే తక్కువ చేసినట్టా?

సందేహం: మా అమ్మాయి ఇంటర్ చదువుతోంది. ఫుట్‌బాల్ అంటే ప్రాణం. 2023 మహిళల ప్రపంచ కప్ ఫైనల్ గురించి కాలేజీ పత్రికకు తెలుగులో ఒక వ్యాసం రాసింది. అందులో స్పెయిన్ ఆటగత్తె గురించి ‘కార్మోనా గోల్ కొట్టారు’ అని ఉంటే, ఆటగాళ్ళకు ఎవరూ అలా రాయరని ‘కొట్టింది’ అని దిద్దాను. ఒప్పుకోలేదు. “మెస్సీ అయితే కొట్టాడు, కార్మోనా అయితే కొట్టింది. బంతి కూడా వెళ్ళింది, కుక్క కూడా వచ్చింది. మన భాషకు ఆడవాళ్ళూ వస్తువులూ ఒకటేనా?” అని నిలదీసింది. నా దగ్గర జవాబు లేదు. ‘కొట్టారు’ అనే ఉంచమంటారా? ఇంకొకటి: ‘మహిళా ప్రపంచ కప్’ అనాలా, ‘మహిళల ప్రపంచ కప్’ అనాలా?
– ఒక పాఠకురాలు, విజయవాడ

సమాధానం: మీ అమ్మాయి అడిగిన ప్రశ్న చిన్నది కాదండి. దాన్ని తోసెయ్యకుండా నాకు రాసి పంపినందుకు సంతోషం.

ముందు ఆమె గమనించింది నిజమేనని ఒప్పుకోవాలి. స్త్రీలు, జంతువులు, ప్రాణంలేని వస్తువులు కానివాటిని మన సంప్రదాయ వ్యాకరణం ‘మహత్తులు’ అంది. అంటే మగవాళ్ళు, మగ దేవుళ్ళు. మిగతావన్నీ అమహత్తులు. ఏకవచనంలో అమహత్తుకు వచ్చే క్రియే స్త్రీకీ వస్తుంది. బంతి వచ్చింది, అక్క వచ్చింది. తమిళంలో, కన్నడంలో స్త్రీకి ఏకవచనంలో వేరే రూపం ఉంది. మనకు లేదు. గోండి, కొలామి భాషలూ ఈ విషయంలో మనలాంటివే.

అయితే మీ అమ్మాయి సగం మాత్రమే చూసింది. బహువచనంలోకి రాగానే మన భాష స్త్రీలను తీసుకొచ్చి మనుషుల వరసలో కూర్చోబెడుతుంది. ‘బంతులు వచ్చాయి’, కానీ ‘అక్కలు వచ్చారు’. గోండి, కొలామి ఈ అడుగు వెయ్యలేదు, వాటిలో బహువచనంలోనూ స్త్రీలు అవతలి వైపే ఉండిపోయారు. లెక్కపెట్టేటప్పుడూ అంతే. రెండు గోల్స్ అంటాం, రెండు అమ్మాయిలు అనం, ఇద్దరు అమ్మాయిలు అంటాం. మైదానంలో పదకొండుమంది ఉంటారు, పదకొండు ఉండవు. సర్వనామంలోనూ తేడా ఉంది: బంతిని ‘అది’ అంటాం, ఆటగత్తెను ‘ఆమె’ అంటాం. (ఇంట్లో చిన్నపిల్లల్ని ‘అది ఇంకా నిద్ర లేవలేదు’ అంటాం కదా అని అడక్కండి. అది చనువు, వేరే కథ.)

ఇక ‘కొట్టింది’ ఎక్కడినుంచి వచ్చిందో చూడండి. కొట్టిన + వాడు, కొట్టిన + అది. కొట్టినాడు, కొట్టినది. ఇవే నలిగి నలిగి కొట్టాడు, కొట్టింది అయ్యాయి. గ్రాంథికంలో ‘కొట్టెను’ అనే రూపం ఉండేది, దానికి ఆడా మగా తేడా లేదు. రాముడు వచ్చెను, సీత వచ్చెను. వాడుకలో ఆ రూపం వెనకబడి, ఈ జంట ముందుకొచ్చింది. కాబట్టి ‘కొట్టింది’ అనడం కార్మోనాను తక్కువ చెయ్యడం కాదు. అది భాష కట్టు, రాసేవాడి ఉద్దేశం కాదు.

తక్కువ చెయ్యడం మరోచోట జరుగుతుంది. ‘నాన్న వచ్చారు, అమ్మ వచ్చింది’ అనే ఇళ్ళు మనకు బోలెడు. ఇద్దరికీ ‘రు’ పెట్టే వీలు వ్యాకరణం ఇచ్చినా ఒకరికే పెడుతున్నాం. ఆ తప్పు మనది. అందుకే ‘కొట్టారు’ అని రాయాలా అన్నదానికి నా జవాబు: మెస్సీకి ఏది రాస్తే దానికి సరితూగేదే కార్మోనాకూ రాయండి. మన పత్రికల్లో ఆటగాళ్ళకు ‘డు’ రాయడం అలవాటు. అక్కడ ‘ది’ సరిపోతుంది. మెస్సీని ‘కొట్టాడు’ అని, కార్మోనాను ‘కొట్టారు’ అని రాస్తే మర్యాద మాట దేవుడెరుగు, ఆమెను మైదానంలోంచి తీసి సన్మాన సభలో కూర్చోబెట్టినట్టు ఉంటుంది. మీ దిద్దుబాటు సరైనదే.

కానీ మహిళల ఫుట్‌బాల్ గురించి తెలుగులో రాసేవాళ్ళకు నిజమైన ఇబ్బంది ఒకటుంది, దాన్ని ఎవరూ పట్టించుకోరు. మీ అమ్మాయి రాసిన మ్యాచ్‌నే తీసుకుందాం. 2023 ఆగస్టు 20, సిడ్నీ. ఇంగ్లండ్ మీద స్పెయిన్ 1-0తో గెలిచింది. 29వ నిమిషంలో పడిన ఆ ఒక్క గోల్‌ను రేడియో వ్యాఖ్యాత చెప్పినట్టు గబగబా చెప్పి చూడండి:

“మైదానం మధ్యలో ఇంగ్లండ్ లూసీ బ్రాంజ్ బంతి పోగొట్టుకుంది. స్పెయిన్ అబెల్లేరాకు దొరికింది. ఎడమవైపు కాల్దెంతేకు ఇచ్చింది. కార్మోనాకు అందించింది. కొట్టింది. లోపలికి వెళ్ళింది.”

దొరికింది ఎవరు? బంతి. ఇచ్చింది? అబెల్లేరా. అందించింది? కాల్దెంతే. కొట్టింది కార్మోనా, వెళ్ళింది మళ్ళీ బంతి. మ్యాచ్ చూసినవాడికి తెలుస్తుంది, చూడనివాడికి తల తిరుగుతుంది. ఇప్పుడు 2010 పురుషుల ఫైనల్‌లో అదే స్పెయిన్ నెదర్లాండ్స్ మీద 1-0తో గెలిచిన గోల్ చెప్పండి: “ఫాబ్రెగాస్‌కు దొరికింది. ఇనియెస్తాకు అందించాడు. కొట్టాడు. లోపలికి వెళ్ళింది.” ఇక్కడ ‘డు’ ఆటగాడిది, ‘ది’ బంతిది. కర్తను వదిలేసినా క్రియే చెప్పేస్తుంది. తెలుగులో కర్తను వదిలెయ్యడం మనకు పుట్టుకతో వచ్చిన అలవాటు. మగవాళ్ళ ఆట రాసేటప్పుడు ఆ అలవాటు చెల్లుతుంది. ఆడవాళ్ళ ఆటలో ఆటగత్తె, బంతి, జట్టు, చివరికి టీవీ రిఫరీ వ్యవస్థ కూడా ‘ది’లోనే ఉంటాయి. అందుకని పేరో ‘ఆమె’యో మాటిమాటికీ పెట్టుకోవాలి. వాక్యం కాస్త బరువైనా పరవాలేదు. ‘కాల్దెంతే అందించగానే కార్మోనా ఎడమకాలితో నేలబారుగా కొట్టింది. బంతి అవతలి మూలకు వెళ్ళింది’ అంటే ఏ గొడవా లేదు.

జట్టు మాట కూడా చెప్పాలి. ‘జట్టు గెలిచారు’ అని ఈమధ్య ఎక్కువగా చూస్తున్నాను. జట్టు ఒక్కటే కాబట్టి ‘గెలిచింది’. మనుషుల్ని చెబితే ‘గెలిచారు’. 2025 జులైలో భారత జట్టు థాయ్‌లాండ్‌ను వాళ్ళ గడ్డ మీదే 2-1తో ఓడించి 2026 ఆసియా కప్‌కు అర్హత సాధించింది. ఇదే మాటను ‘మన అమ్మాయిలు అర్హత సాధించారు’ అనీ రాయవచ్చు. ‘అమ్మాయిలు సాధించాయి’ అని మాత్రం పొరపాటున కూడా రాయకండి. అది వ్యాకరణానికే అవమానం.

ఇక రెండో సందేహం. ‘మహిళా’ సంస్కృత రూపం, సంస్కృత పదాలతో సమాసంగా చక్కగా అతుకుతుంది: మహిళా సంఘం, మహిళా మండలి. ‘మహిళల’ తెలుగు షష్ఠి. ప్రపంచ కప్‌కు ‘మహిళల’ నయం. ‘మహిళా ప్రపంచ కప్’ అంటే మరీ తప్పేమీ కాదు, చాలామంది రాస్తారు. కానీ ఈ రెండింటికీ అర్థంలో తేడా వచ్చే చోట ఒకటుంది, అక్కడ జాగ్రత్త. ఇదే ఫైనల్ చూడండి. ఇంగ్లండ్ కోచ్ సరీనా వీగ్మన్, స్పెయిన్ కోచ్ హోర్హే విల్డా. వీగ్మన్ మహిళా కోచ్, మహిళల జట్టు కోచ్ కూడా. విల్డా మగవాడు. మహిళల జట్టుకు కోచ్ అయినంత మాత్రాన ఆయన ‘మహిళా కోచ్’ కాడు. ‘మహిళా’ అంటే ఆ మనిషి స్త్రీ అని, ‘మహిళల’ అంటే స్త్రీలకు చెందినదని. ఫైనల్‌కు రిఫరీగా ఉన్న టోరీ పెన్సో మహిళా రిఫరీ. ‘మహిళా క్రీడాకారిణి’ అని రాయకండి, ‘కారిణి’లోనే ఆమె స్త్రీ అని ఉంది. కెప్టెన్, సారథి, విజేత ఎలా ఉన్నవి అలాగే ఆడవాళ్ళకూ సరిపోతాయి. నాయకురాలు అన్నా బాగుంటుంది. ‘కెప్టెనురాలు’ ఒకసారి చూశాను, మళ్ళీ చూడకుండా ఉంటే చాలు.

అసలు ‘మహిళల’ అనే మాట పెట్టకపోతే ఏం అని మీ అమ్మాయి అడిగినా ఆశ్చర్యం లేదు. పురుషుల కప్‌ను ఫిఫా ఉత్త ‘ప్రపంచ కప్’ అంటుంది, దీన్ని మాత్రం ‘మహిళల ప్రపంచ కప్’ అంటుంది. 1991లో చైనాలో జరిగిన తొలి టోర్నీకైతే ఆ పేరు కూడా ఇవ్వలేదు, ప్రపంచ ఛాంపియన్‌షిప్ అంది. ఒక చాక్లెట్ బ్రాండు పేరు దానికి తగిలించింది, మ్యాచ్‌ను 80 నిమిషాలకు కుదించింది. గువాంగ్‌జౌలో నార్వేను 2-1తో ఓడించిన అమెరికాను ఇప్పుడు అందరూ తొలి ప్రపంచ కప్ విజేత అనే అంటారు కాబట్టి మనమూ అలాగే రాయవచ్చు.

నా మటుకు నేను ‘మహిళల’ తీసెయ్యమనను. ‘స్పెయిన్‌కు 2023లో తొలి ప్రపంచ కప్’ అంటే అబద్ధం అవుతుంది, 2010 ఉంది కదా. నేను అడిగేది అవతలివైపు కూడా మాట పెట్టమని. 2019లో ఇటలీ మీద పెనాల్టీతో బ్రెజిల్ మార్తా ప్రపంచ కప్‌లలో తన 17వ గోల్ కొట్టింది. అప్పటికి పురుషుల్లో రికార్డు జర్మనీ క్లోజ్‌ది, 16. ఆ తర్వాత కూడా ‘ప్రపంచ కప్‌లో అత్యధిక గోల్స్ క్లోజ్‌వి’ అని రాసేవాళ్ళు రాస్తూనే వచ్చారు. ‘పురుషుల’ అనే ఒక్క మాట పెట్టి ఉంటే ఆ వాక్యం నిజమయ్యేది.

నిజామాబాద్ జిల్లాలోని తండా నుంచి భారత జట్టు దాకా వెళ్ళిన గుగులోత్ సౌమ్య గురించి మీ అమ్మాయి ఎప్పుడైనా రాస్తే, ‘సౌమ్య కొట్టింది’ అని నిస్సంకోచంగా రాయమనండి. పేరు మాత్రం వదిలెయ్యొద్దనండి.

ఇంతా చెప్పాక ఒక సంగతి గుర్తొచ్చింది. తెలుగులో ఆడా మగా, బంతీ మనిషీ అందరికీ ఒకే రూపం ఉన్న క్రియ ఇప్పటికీ వాడుకలో ఉంది. ఆ ఫైనల్ రెండో సగంలో స్పెయిన్‌కు పెనాల్టీ దొరికింది, ఎర్మోసో తన్నిన బంతిని ఇంగ్లండ్ గోల్ కీపర్ మేరీ ఎర్ప్స్ ఆపేసింది. ఎర్మోసో గోల్ కొట్టలేదు. మెస్సీ అయినా కొట్టలేదు, వాళ్ళంతా అయినా కొట్టలేదు. గోల్ పడనప్పుడు తెలుగుకు అందరూ ఒకటే అని మీ అమ్మాయికి చెప్పండి.