గట్టు తగాదా కంటే ముందు పాసుపుస్తకం

ప్రశ్న: 2001లో నా పెళ్లికి నాన్నగారు పల్నాడు జిల్లాలోని మా ఊళ్లో తన స్వార్జితమైన ఐదెకరాల్లో రెండెకరాలు పసుపు కుంకుమ కింద నా పేర దాన దస్తావేజు రాసి రిజిస్టర్ చేయించారు. అన్నయ్యే సాగు చేస్తూ ఏటా కౌలు డబ్బు చేతికి ఇస్తున్నాడు. అమ్మ ముందే పోయింది. నాన్నగారు 2019లో వీలునామా లేకుండానే కాలం చేశారు. మా అమ్మాయి ఇంజినీరింగ్ చదువు కోసం అమ్ముదామని కొలిపిస్తే 1.72 ఎకరాలే తేలింది. పక్క రైతు గట్టు జరిపాడని అన్నయ్య అంటున్నాడు. ఎకరం 20 లక్షలు పలుకుతోంది. 28 సెంట్ల కోసం కోర్టుకు వెళ్లాలా, లేక అన్నయ్య ఇస్తానంటున్న 25 లక్షలకే ఇచ్చేయాలా? పాసుపుస్తకం అన్నయ్య పేరునే ఉంది. – ఒక పాఠకురాలు, నరసరావుపేట

జవాబు: అమ్మా, మీ ఉత్తరంలో చివరి వాక్యమే నన్ను కలవరపెట్టింది. తగ్గిన 28 సెంట్ల విలువ 5.60 లక్షలు. పాసుపుస్తకంలో మీ పేరు లేకపోవడం వల్ల చిక్కులో పడేది మొత్తం 40 లక్షల ఆస్తి. ముందు దాని సంగతి చూద్దాం.

దస్తావేజు విషయంలో మీరు ధైర్యంగా ఉండవచ్చు. ఇద్దరు సాక్షుల సంతకాలతో రిజిస్టరై, నాన్నగారు జీవించి ఉండగానే మీరు స్వీకరించిన దానం గట్టిది. సాగు మీ చేతికి రాలేదు కాబట్టి దానం చెల్లదని ఎవరైనా అంటే, స్వాధీనం ఇవ్వకపోయినా రిజిస్టర్డ్ దానం చెల్లుతుందని సుప్రీంకోర్టు 2014లోనే తేల్చింది. మ్యుటేషన్ (రెవెన్యూ రికార్డుల్లో పేరు మార్పు) వల్ల యాజమాన్యం రాదు, లేకపోవడం వల్ల పోదు. కానీ కొనేవాడూ, అప్పిచ్చే బ్యాంకూ ముందు అడిగేది అదే. సబ్‌రిజిస్ట్రార్ కార్యాలయంలో దస్తావేజు నకలు, తాజా ఈసీ (ఆస్తిపై జరిగిన రిజిస్టర్డ్ లావాదేవీల ధ్రువపత్రం) తీసుకుని తహసీల్దారుకు దరఖాస్తు చేయండి. వారసత్వం పేరిట ఐదెకరాలూ అన్నయ్య పేరున ఎక్కి ఉంటే ఆర్డీవోకు అప్పీలు చేసుకోవచ్చు. ఈ ఏటి నుంచి కౌలు డబ్బు బ్యాంకు ఖాతాలోనే వేయమనండి. అన్నయ్య మీ అనుమతితోనే సాగు చేస్తున్నాడనడానికి అదే రుజువు. లేకపోతే పన్నెండేళ్లకు పైగా అనుభవంలో ఉన్నానన్న వాదన రేపు ఆయన పిల్లల నుంచైనా రావచ్చు.

ఇక 28 సెంట్లు. దస్తావేజులో రాసిన నాలుగు హద్దులు ఒకసారి చదవండి. హద్దులకూ విస్తీర్ణానికీ పొంతన కుదరనప్పుడు కోర్టులు సాధారణంగా హద్దులకే విలువ ఇస్తాయి. ఇది రెండు వైపులా పదునున్న నియమం. తూర్పున పుంత (బండిబాట) అని రాసి ఉండి, ఇవాళ మీ గట్టు పుంతకు ఇవతలే ఆగితే, ఆ మధ్య నేల మీది. అలాకాక నాలుగు హద్దుల మధ్య ఉన్నదే 1.72 ఎకరాలైతే, నాన్నగారు కొలవకుండా అందాజుగా రెండెకరాలని రాయించారన్నమాట. అప్పుడు పక్క రైతుపై దావా వేస్తే ఖర్చే మిగులుతుంది. ఇది తేలాలంటే ప్రైవేటు కొలత చాలదు. ఎఫ్‌-లైన్ (పొలం హద్దుల కొలత) దరఖాస్తు పెట్టి, పక్క రైతులకు నోటీసులిప్పించి, ప్రభుత్వ సర్వేయరుతో ఎఫ్‌ఎంబీ (ప్రభుత్వ సర్వే కొలతల పుస్తకం) ప్రకారం కొలిపించండి. ప్రభుత్వం భూములను మళ్లీ కొలిచిన (రీసర్వే) ఊరైతే కొత్త పటాన్నీ, ఎల్‌పీఎం (ఒక్కో భూమి ముక్కకు ఇచ్చే పటం) నంబరునూ కూడా సరిచూడాలి. గట్టు ఎప్పుడు జరిగిందో ఊళ్లో పెద్దవాళ్లను అడగండి. పన్నెండేళ్లు దాటితే పక్క రైతుకూ ఒక వాదన దొరుకుతుంది.

ఆక్రమణ నిజమేనని తేలినా నేరుగా దావాకు వెళ్లవద్దు. కేసు వేయకముందే లోక్ అదాలత్‌లో రాజీకి ప్రయత్నించవచ్చు. అక్కడ కోర్టు ఫీజు ఉండదు, కుదిరిన రాజీకి డిక్రీ విలువ ఉంటుంది. 1987 నాటి న్యాయసేవల చట్టం కింద మహిళలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం దొరుకుతుంది. దాన్ని మొహమాటపడకుండా వాడుకోండి.

అమ్మాయి ఫీజును ఈ పొలం అమ్మకానికి ముడిపెట్టడం నాకు ససేమిరా ఇష్టం లేదు. ఫీజు గడువు దగ్గరపడేకొద్దీ మీ ధర పడిపోతుంది, ఎదుటివాళ్లకు అది తెలుసు. 7.5 లక్షల వరకు విద్యారుణానికి ఆస్తి తాకట్టు పెట్టనవసరం లేని పథకం ఉంది. బ్యాంకులో అడగండి. వడ్డీ భారమే, కానీ కంగారులో 25 లక్షలకే ఇచ్చేసి, తేలిన 1.72 ఎకరాల విలువలోనే 9 లక్షలకు పైగా పోగొట్టుకోవడం కంటే నయం. రికార్డు సరికాకముందు రెండెకరాలకంటూ ఎవరి దగ్గరా బయానా తీసుకోవద్దు. అంత నేల చూపించలేకపోతే మీరే జవాబుదారీ అవుతారు.

అన్నయ్యకు అమ్మడం మంచి దారే. గట్టు తగాదా ఆయనకే బదిలీ అవుతుంది కాబట్టి కొంత తగ్గించడం న్యాయం. కానీ 1.72 ఎకరాలకే 34.40 లక్షలు అవుతుంది. నేనైతే 32 లక్షలకు దిగువకు రాను. డబ్బంతా బ్యాంకు ద్వారానే తీసుకోండి. మునిసిపాలిటీకి నిర్ణీత దూరం అవతలి గ్రామీణ వ్యవసాయ భూమి అయితే మూలధన లాభాల పన్ను ఉండదు.

మీరు అడగని సంగతి ఒకటి చెప్పాలి. పసుపు కుంకుమ తీసుకున్నంత మాత్రాన మిగతా ఆస్తిలో కూతురి హక్కు పోదు. వారసులు మీరిద్దరే అయితే, మిగిలిన మూడెకరాల్లో సగం చట్టప్రకారం మీది. అడగాలా వద్దా అన్నది అన్నాచెల్లెళ్ల మధ్య విషయం, అందులో నేను తలదూర్చను. కానీ విక్రయ దస్తావేజులో ‘నాన్నగారి ఇతర ఆస్తుల్లో నాకు ఎలాంటి హక్కూ లేదు’ అన్న వాక్యం ఉందేమో చూసుకుని, దాని విలువ ఎంతో తెలిశాకే సంతకం పెట్టండి.