సెకిగహారా మ్యాప్‌లో బాణాలు నమ్మొచ్చా?

ప్రశ్న: సమురాయ్‌లంటే పిచ్చి మా అబ్బాయికి. నెట్‌లో సెకిగహారా యుద్ధం (1600) మ్యాప్ చూపిస్తే, ఇషిదా మిత్సునారి వైపు వాళ్లంతా చుట్టూ కొండల మీద, తొకుగావా ఇయెయాసు మధ్యలో ఇరుక్కున్నట్టు ఉంది. మరి ఇయెయాసు ఎలా గెలిచాడండీ?
– ఒక పాఠకురాలు, విజయవాడ

జవాబు: ముందు ఆ మ్యాప్‌లో సైన్యాలని చూపించే డబ్బాలు, బాణాలు పక్కన పెట్టేసి కొండలు, రోడ్లు మాత్రమే చూడండి. జపాన్ ప్రభుత్వ సర్వే సంస్థ సైట్లో ఎత్తుపల్లాల మ్యాప్ ఫ్రీగానే ఉంటుంది. తూర్పు పడమరలు సుమారు 4 కిలోమీటర్లు, ఉత్తర దక్షిణాలు 2 కిలోమీటర్లు, అంతే ఆ మైదానం, అందులోంచే క్యోటో వెళ్లే నకసెందో రోడ్డు పోతుంది, అందుకే మిత్సునారి ఒగాకి కోట వదిలి రాత్రికి రాత్రి వానలో వచ్చి ఇక్కడ అడ్డం కూర్చున్నాడు.

ఇప్పుడు తూర్పున నాంగు కొండ చూడండి, 419 మీటర్లు. ఇయెయాసు మొదట దిగిన మొమొకుబరి సరిగ్గా దాని కిందే! పైనున్న మిత్సునారి వైపు సేనాని మోరి హిదెమోతో అనేవాడు కిందికి దిగాడంటే ఇయెయాసు పని అయిపోయేదే, కానీ మోరి ముందు నిలబడ్డ కిక్కవా హిరోయియె ముందే ఇయెయాసుతో లోపాయికారీగా మాట్లాడేసుకుని కదలకుండా కూర్చున్నాడు, వెనకోళ్లకి దారేదీ? ఎందుకు కదలట్లేదని అడిగితే సైనికులు భోంచేస్తున్నారని మోరి సాకు చెప్పాడని అక్కడ ఇప్పటికీ నవ్వుకుంటారు లెండి. ఇక దక్షిణాన మత్సువో కొండ మీద కొబయకవా హిదెయకి, ఈయనా మిత్సునారి వైపే, కానీ ప్లేటు ఫిరాయించి కిందనున్న తమ వైపు సేనాని ఒతాని యోషిత్సుగు మీదే పడ్డాడు, దాంతో పడమటి సైన్యం, అంటే మిత్సునారి వైపు, కుప్పకూలింది. అంటే ఎవడి మనసు ఎటు ఉందో మ్యాప్‌లో పడదు కదా, మీవాడితో ఈ ముగ్గురికీ వేరే రంగు వేయించండి, బొమ్మే మారిపోతుంది.

ఇంకోటి, ఇప్పుడు మనం చూసే డబ్బాల మ్యాప్‌లు చాలావరకు 1893లో జపాన్ సైన్యం అచ్చేసిన పుస్తకంలోని బొమ్మ నుంచి వచ్చినవే, అంటే యుద్ధం అయిన దాదాపు 300 ఏళ్లకి. ఎవరు ఎక్కడ నిలబడ్డారన్న దాని మీద చరిత్రకారులు ఇప్పటికీ కొట్టుకుంటున్నారు. జపాన్ సైన్యానికి పాఠాలు చెప్పిన మెకెల్ అనే జర్మన్ మేజర్ మ్యాప్ చూడగానే పడమటి సైన్యమే గెలిచిందన్నాడని నెట్‌లో తెగ తిరుగుతుంది, దానికి ఆధారమైతే లేదు, పైగా ఆయన 1888లోనే జపాన్ వదిలి వెళ్లిపోయాడు, ఈ పుస్తకం బొమ్మ ఎక్కడ చూస్తాడు?

మిత్సునారి వైపే ఉన్న షిమజు యోషిహిరో అనే సేనాని తప్పించుకున్న దారి మాత్రం పెన్సిల్‌తో గీయించండి, వెనక్కి కాదు, ఎదురుగా శత్రువుల మధ్యలోంచే దూసుకెళ్లి ఆగ్నేయంగా ఇసె రోడ్డు పట్టాడు.