బాక్సు విప్పి చూశాకే బిల్లు: పిల్లర్ల నుంచి బయటి గోడల దాకా మా ఇంటి అనుభవం

గుంటూరు గోరంట్లలో 200 గజాల స్థలంలో మీరు కడుతున్న రెండంతస్తుల ఇల్లు ప్లింత్ బీమ్ (నేల మట్టానికి కాస్త పైన పిల్లర్లను కలిపే దూలం) దాకా వచ్చిందనీ, మీరు బెంగళూరులో ఉద్యోగంలో ఉండటం వల్ల సైట్ దగ్గర మీ నాన్నగారు ఒక్కరే ఉంటారనీ, మేస్త్రీ గారు తెలిసినవారే అయినా పిల్లర్లకూ శ్లాబుకూ వేసిన రోజే మొత్తం డబ్బు అడుగుతున్నారనీ రాశారు. ఇక్కడి నుంచి బయటి ప్లాస్టింగ్ దాకా ఏమేం చూసుకోవాలి, మాఘమాసంలో గృహప్రవేశం సాధ్యమవుతుందా అన్నది మీ ప్రశ్న. మేము 2021, 2022 సంవత్సరాల్లో గుంటూరులోనే ఇల్లు కట్టుకున్నాము. నేను వారమంతా విజయవాడలో ఉద్యోగం చేస్తూ ఆదివారాలు మాత్రమే సైట్‌కు వెళ్లగలిగేవాడిని. మిగిలిన రోజులు మా నాన్నగారే చూసుకునేవారు. మీ పరిస్థితి నాకు బాగా తెలుసు కనుక కొంచెం వివరంగా రాస్తున్నాను.

ముందు డబ్బు సంగతి చెబుతాను, ఎందుకంటే మిగిలినవన్నీ దాని మీదే ఆధారపడి ఉంటాయి. ఈ దశలో చేసిన ప్రతి పనినీ తర్వాతి పని కప్పేస్తుంది. ఇనుమును కాంక్రీట్ కప్పుతుంది, కాంక్రీట్‌ను ప్లాస్టింగ్ కప్పుతుంది, ప్లాస్టింగ్‌ను రంగు కప్పుతుంది. కాంక్రీట్ పోసిన సాయంత్రం అందరూ అలసిపోయి, సంతోషంగా ఉంటారు. ఆ సమయంలో పని ఎలా వచ్చిందో ఎవరికీ కనబడదు. అందువల్ల ఆ రోజు కూలీల బట్వాడాకు సరిపడా మాత్రమే ఇచ్చి, ఆ దశకు రావలసిన మిగతా మొత్తాన్ని బాక్సులు (కాంక్రీట్ పోయడానికి బిగించే అచ్చు పలకలు) విప్పి ఇంజనీరు చూసిన రోజుకు ఇస్తామని మేస్త్రీ గారితో ఇప్పుడే మాట్లాడుకొని కాగితం మీద రాసుకోండి. నమ్మకం లేక కాదు, లెక్క కోసమని చెబితే తెలిసినవారు నొచ్చుకోరు. ఆ ఇంజనీరు మేస్త్రీ గారు తెచ్చిన మనిషి కాకుండా, మీరు విడిగా ఫీజు ఇచ్చి పెట్టుకున్న మనిషి అయి ఉండాలి. ఆయన రోజూ రానవసరం లేదు. ఇనుము కట్టాక, బాక్సులు విప్పాక, ప్లాస్టింగ్‌కు ముందు తప్పకుండా వస్తే చాలు.

ఈ పద్ధతి మాకు మొదటి నుంచీ తెలిసినది కాదు. మా పైఅంతస్తు పిల్లర్లు పోసినప్పుడు కాంక్రీట్‌ను పది అడుగుల ఎత్తు నుంచి నేరుగా బాక్సులోకి జారవిడిచారు. కింద బాక్సుకూ, పిల్లర్ అడుగున ముందుగా పోసే దిమ్మె అయిన స్టార్టర్‌కూ మధ్య ఉన్న సందులోంచి సిమెంట్ పాలు కారిపోయాయి. మర్నాడు బాక్సులు విప్పితే రెండు పిల్లర్ల అడుగున కంకర తేలి, లోపల గుల్లగా కనబడింది. ఇంజనీరు వచ్చేలోపే ఆ చోట్లు సిమెంట్‌తో మెత్తి నున్నగా చేసేశారు. మా నాన్నగారు సుత్తితో తట్టి, శబ్దంలో తేడా గమనించి నాకు ఫోన్ చేశారు. మెత్తినదంతా చెక్కించి, వదులుగా ఉన్న కంకరను తీయించి, ఆరినా కుదించుకుపోని సిమెంట్ మిశ్రమమైన గ్రౌట్‌తో నింపేసరికి నాలుగు రోజులు పట్టింది. అప్పటికే మొత్తం డబ్బు ఇచ్చేసి ఉండటం వల్ల ఆ నాలుగు రోజులూ మేము బతిమాలుకోవలసి వచ్చింది. మీరు ఆ స్థితికి రాకూడదనే ఇంత చెబుతున్నాను. పిల్లర్‌లో కాంక్రీట్‌ను 1.5 మీటర్లకు మించిన ఎత్తు నుంచి వదలకుండా చూడండి. బాక్సుకు మధ్యలో కిటికీలా ఒక పలకను తెరిచి ఉంచితే ఆ పని తేలిక. కింది సందును పోసే ముందే మూయించాలి.

పిల్లర్ ఇనుములో మీ ఇంజనీరు చూడవలసినవి రెండు ఉన్నాయి. భూకంపాలకు సంబంధించిన భారత ప్రమాణం ఐఎస్ 1893లోని 2016 నాటి పటం ప్రకారం గుంటూరు, విజయవాడ భూకంపాల మూడో జోన్‌లో ఉన్నాయి. అందుకని నిలువు రాడ్ల చుట్టూ కట్టే రింగుల కొక్కేలు 90 డిగ్రీల దగ్గర ఆగిపోకుండా 135 డిగ్రీల దాకా లోపలికి వంగి ఉండాలి. రాడ్ బెండర్లు పని త్వరగా అవుతుందని 90 దగ్గరే వదిలేస్తారు. భూమి ఊగినప్పుడు పైన ఉన్న కవర్, అంటే ఇనుమును కప్పే కాంక్రీట్ పొర, రాలితే అలాంటి రింగు తెరుచుకుంటుంది. రెండోది, నిలువు రాడ్ల అతుకులన్నీ నేల మట్టం దగ్గరే ఒకేచోట పెట్టకుండా, పిల్లర్ ఎత్తులో మధ్యభాగానికి తెచ్చి, పక్కపక్క రాడ్లకు వేర్వేరు ఎత్తుల్లో వేయించాలి. పిల్లర్‌కు ఇనుముకూ బాక్సుకూ మధ్య ఎడం ఉంచే 40 మిల్లీమీటర్ల కవర్ బ్లాకులు కట్టించండి. కంకర రాయి ముక్కలను అడ్డం పెట్టనివ్వకండి.

శ్లాబ్ గురించి ఎక్కువ రాస్తాను, ఎందుకంటే అది ఒక్క రోజులో అయిపోయే పని, తప్పు జరిగితే దిద్దుకునే వీలు తక్కువ. ముందు రోజే సామాను లెక్క చూసుకోండి. వెయ్యి చదరపు అడుగుల శ్లాబ్‌ను 5 అంగుళాల మందంలో వేస్తే, బీములు కాకుండా సుమారు 420 ఘనపుటడుగుల కాంక్రీట్ పడుతుంది. ఎం20 అనే రకం కాంక్రీట్ పాళ్లలో ఘనపు మీటరుకు 8 బస్తాల చొప్పున దాదాపు 95 బస్తాల సిమెంట్ కావాలి. సాయంత్రానికి ఖాళీ సంచులను లెక్కపెడితే పాళ్లు సరిగా పడ్డాయో లేదో చాలావరకు తెలిసిపోతుంది. మీ నాన్నగారు చేయగల అతి విలువైన పని ఇదే. నీళ్ల విషయంలో మా ఇంజనీరు బస్తాకు 27 లీటర్లకు మించనివ్వలేదు. మిల్లర్ (కాంక్రీట్ కలిపే యంత్రం) దగ్గర కొలత బకెట్ పెట్టి, పైపుతో నేరుగా నీళ్లు వదలడాన్ని ఆపించారు. పలుచగా ఉంటే లాగడం తేలికని కూలీలు నీళ్లు అడుగుతారు. వారి కష్టం నిజమే, కానీ దానికి విరుగుడు నీళ్లు కాదు, కాంక్రీట్‌ను అదిరించి సర్దే వైబ్రేటర్. సూది ఉన్న వైబ్రేటర్లను రెండు తెప్పించుకోండి, ఒకటి మొరాయిస్తే పని ఆగదు.

బాల్కనీ దగ్గర తప్పకుండా ఒక మనిషిని నిలబెట్టండి. గోడ దాటి బయటకు వచ్చే శ్లాబులో బరువు మోసే రాడ్లు పైభాగంలో ఉంటాయి. కూలీలు తట్టలతో వాటి మీద నడిచినప్పుడు అవి కిందికి కుంగిపోతే, పైకి అందంగా కనబడే బాల్కనీ లోపల బలం లేకుండా మిగులుతుంది. రాడ్ల కింద వాటిని ఎత్తి పట్టే ఇనుప కుర్చీలు దగ్గరదగ్గరగా పెట్టించి, నడవడానికి పలకలు వేయించాలి. కరెంటు పైపులను ఒకేచోట గుత్తిగా కలపకుండా, పిల్లర్ల పక్కన కాకుండా విడివిడిగా తీసుకెళ్లమని ఎలక్ట్రీషియన్‌కు ముందుగానే చెప్పండి. రాడ్ల మీద కొలత టేపు ఉంచి ప్రతి గదికీ ఫొటోలు తీయించుకోండి. తర్వాత ఫ్యాన్ హుక్‌కో, ఏసీకో డ్రిల్ వేసేటప్పుడు కూడా అవి పనికొస్తాయి. ప్రతి శ్లాబ్‌కూ అదే కాంక్రీట్‌తో మూడు క్యూబులు (చిన్న దిమ్మెలు) పోయించి, 28 రోజులకు దగ్గరలోని ఇంజనీరింగ్ కళాశాల ప్రయోగశాలలో పరీక్ష చేయించండి.

శ్లాబ్ గట్టిపడగానే మడులు కట్టి నీళ్లు నిలపాలి. మన దగ్గర ఎండకు గాలి కూడా తోడవుతుంది కనుక, పీపీసీ (బూడిద కలిసిన) సిమెంట్‌తో వేసిన శ్లాబ్‌కు 14 రోజుల క్యూరింగ్ (నీళ్లతో తడిగా ఉంచడం) అవసరం. జూలైలో వాన పడిందని రెండు రోజులు వదిలేయడం సాధారణంగా జరిగే పొరపాటు. చిన్న జల్లు తర్వాత వచ్చే ఎండలో మడి గంటల్లోనే ఆరిపోతుంది. కాంక్రీట్ పనుల భారత ప్రమాణం ఐఎస్ 456లో సాధారణ సిమెంట్‌కు 4.5 మీటర్ల లోపు శ్లాబ్ కింది ఆసరాలను 7 రోజులు, అంతకు మించితే 14 రోజులు, 6 మీటర్ల లోపు బీముల కింది వాటిని 14 రోజులు ఉంచమని ఉంది. పీపీసీ నిదానంగా బలం పుంజుకుంటుంది కనుక మేము అన్నింటికీ 18 రోజులు, బాల్కనీకి 21 రోజులు ఉంచాము. బాక్సులు, ఆసరాలు అద్దెకిచ్చే సెంట్రింగ్ వాళ్లు తమ సామాను మరో సైట్‌కు కావాలని తొందరపెడతారు. అద్దె కొంచెం ఎక్కువైనా సరే ఒప్పుకోకండి.

నీళ్ల పరీక్ష ఒకటి మరచిపోకండి. గుంటూరులో కొన్నిచోట్ల బోరు నీళ్లు ఉప్పగా ఉంటాయి. ఇనుము ఉన్న కాంక్రీట్‌కు వాడే నీళ్లలో క్లోరైడ్ లీటరుకు 500 మిల్లీగ్రాములకు మించకూడదు. మాది మించడంతో కాంక్రీట్‌కు ట్యాంకర్ నీళ్లు కొన్నాము.

ఇక బయటి గోడలు. ఇబ్రహీంపట్నం థర్మల్ కేంద్రం బూడిదతో చేసిన ఇటుకలు గుంటూరు, విజయవాడ రెండింటిలోనూ విరివిగా దొరుకుతాయి. అవి బాగుంటాయి, కానీ పచ్చిగా ఉన్నవాటిని తెచ్చి కడితే ఆరేటప్పుడు గోడకు సన్నని చీలికలు వస్తాయి. కనీసం మూడు వారాలు నీటితో తడిపి ఆరనిచ్చిన సరుకేనా అని అడిగి తీసుకోండి. ఒకే రోజులో గోడను నాలుగైదు అడుగులకు మించి లేపనివ్వకండి. బీమ్ కింద ఆఖరి వరుసను వారం ఆగి కట్టిస్తే, గోడ సర్దుకోవడం వల్ల అక్కడ వచ్చే గీత తప్పుతుంది. పిల్లర్, గోడ కలిసే ప్రతి చోటా రెండు వైపులకూ ఆరేసి అంగుళాలు వచ్చేలా మెష్ (జాలీ) కొట్టించాకే ప్లాస్టింగ్ మొదలుపెట్టాలి; ఎలివేషన్ ఎంత ఖరీదైనదైనా, చాలా ఇళ్లకు మొదట చీలేది అక్కడే.

సన్‌షేడ్ అడుగున, అంచుకు దగ్గరగా నీటి గాడి తీయించడం మా మేస్త్రీ మరచిపోయారు, మేమూ గమనించలేదు. మొదటి వానాకాలంలోనే నీరు సన్‌షేడ్ కిందుగా పాకి పడమటి గదిలో కిటికీ పైన చెమ్మ పెట్టింది. గాడి, పైన బయటికి వాలు, పిట్టగోడ మీద లోపలికి వాలు, ఈ మూడింటినీ పరంజా విప్పకముందే చూసుకోండి. ఏసీ పైపుల రంధ్రాలు, వర్షపు నీటి గొట్టాలు కూడా ప్లాస్టింగ్‌కు ముందే పూర్తి కావాలి. బయటి ప్లాస్టింగ్‌ను రెండు పూతలుగా, మొత్తం 20 మిల్లీమీటర్ల మందంలో చేయించండి. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగినప్పుడు విజయవాడ సింగ్‌నగర్‌లో మా బంధువుల ఇంటిలో నీళ్లు నిలిచాయి. తర్వాత చూస్తే బయటి గోడ కింది భాగంలో పుట్టీ అంతా పొరలుగా ఊడింది, సిమెంట్ ప్లాస్టింగ్ మాత్రం నిలబడింది. గోరంట్లకు ఆ ముప్పు లేకపోయినా, వాన చినుకులు ఎగసిపడే కింది మూడు అడుగుల్లో పుట్టీ వద్దని నా సలహా.

మాఘమాసం విషయానికి వస్తే, ఈ జూన్ చివర పిల్లర్లు మొదలైతే పైశ్లాబ్ సెప్టెంబరుకు వస్తుంది, గోడలు అక్టోబరులో లేస్తాయి. బయటి ప్లాస్టింగ్‌ను తుపానుల కాలంలో హడావిడిగా చేయకుండా, నవంబరు చివరికి జరిపి, ఆలోపు లోపలి పనులు చేయించండి. గృహప్రవేశానికి కింది అంతస్తు సిద్ధమవుతుంది. బయటి రంగును మాత్రం గోడ పూర్తిగా ఆరేదాకా, అంటే వేసవి మొదలయ్యేదాకా ఆపండి. రంగు లేని ఇంట్లో పాలు పొంగించడం మీ అమ్మగారికి ఇష్టం ఉండకపోవచ్చు, ముందుగానే నచ్చజెప్పుకోండి.

నాన్నగారి చేత మేస్త్రీ గారితో వాదన పెట్టించకండి. ఆయన బస్తాల లెక్క, వచ్చిన మనుషులు, నీళ్లు పట్టిన వేళలు ఒక నోటుపుస్తకంలో రాసి, అనుమానం వచ్చిన చోట ఫొటో తీసి పంపితే చాలు. అభ్యంతరం చెప్పే పని ఇంజనీరుది. మీకు రెండు రోజులే సెలవు దొరికేట్లయితే కాంక్రీట్ పోసే రోజుకు కాకుండా, మొదటి పిల్లర్ల బాక్సులు విప్పే రోజుకు రండి.